చెకింగావిడ పెరుగు డబ్బా

ఆ ఇంట్లో కుక్కరు కంటే ముందు మనుషులే కూత పెడతారు. ఆ రోజు గొడవ కత్తి గురించి.

"నా కత్తితో ఉల్లిపాయలు ఎవరు కోశారు?" అంది పిల్ల, వంటింటి గుమ్మంలో నిలబడి.

"నీ కత్తా? పేరు చెక్కించావా దాని మీద?" అంది చెకింగావిడ, పొయ్యి దగ్గర్నుంచి ఇటు తిరక్కుండానే.

"నాన్నా, ఆవిడకి చెప్పు. బొప్పాయి ముక్కలు ఉల్లి కంపు కొడుతున్నాయి."

"నాన్నకెందుకు చెప్తావ్? నేనేమన్నా గోడ అవతల ఉన్నానా? నాకే చెప్పి ఏడు!"

"మీతో మాట్లాడటం నాకిష్టం లేదండి."

అండీ అట! పద్నాలుగేళ్ళ పిల్ల ఇంట్లో మనిషిని పట్టుకుని బ్యాంకులో గుమస్తాతో మాట్లాడినట్టు మీరూ, అండీ అంటుంటే పైకి ఎంత మర్యాదో, లోపల అంత మంట. చెకింగావిడకి ఒళ్ళు భగ్గుమంది. గరిటె గిన్నెకేసి కొట్టింది. ఆ చప్పుడుకి నాన్న చొక్కా గుండీలు తప్పుగా పెట్టుకుంటూ వచ్చి ఇద్దరి మధ్యా నిలబడ్డాడు.

"కడిగితే పోతుందిలేవే," అన్నాడు.

పాపం, ఆ మాటతో ఇద్దరూ కలిసి అతని మీద పడ్డారు. ఆ ఇంట్లో ఆ ఇద్దరూ ఒక్క మాట మీద ఉండే సందర్భం అదొక్కటే. అతను దూరం వెళ్ళే బస్సుకి డ్రైవరు, ఒక రాత్రి ఇంట్లో ఉంటే ఒక రాత్రి రోడ్డు మీద ఉంటాడు. నోట్లో నాలుక లేని మనిషి. ఎంత ఇరుకు సందులోనైనా అంత పెద్ద బండిని గీత పడకుండా తిప్పుతాడు గానీ, తన వంటింట్లోంచి క్షేమంగా బయటపడే దారి అతనికి ఏనాడూ దొరకలేదు.

ఇక చెకింగావిడ. ఆవిడకి అసలు పేరొకటి ఏడ్చింది గానీ దాన్ని వాడే నాథుడు లేడు. డిపోలో చెకింగావిడ, వీధిలో చెకింగావిడ, కింద అంతస్తు వాళ్ళకీ చెకింగావిడే. బస్సుల్లో టికెట్లు తనిఖీ చేయడం ఆవిడ పని. ఎక్కడో ఒక స్టాపులో చెప్పాపెట్టకుండా ఎక్కేసి, "తీయండి, తీయండి, టికెట్లు తీయండి" అని ఒక్క కేక పెడితే, టికెట్టున్న వాడు కూడా జేబులు తడుముకుంటాడు. ఆ గొంతు అలాంటిది. ముందు చాలా ఏళ్ళు కండక్టరుగా చేసింది. నిలబడి నిలబడి కాళ్ళ నరాలు ఉబ్బిపోయాక ఈ పనిలోకి వేశారు.

పనిలో దిట్ట, అందులో వంక పెట్టడానికి లేదు. టికెట్టు లేనివాడు ఎవడో ఎక్కగానే చెప్పేస్తుంది. వాడు కిటికీలోంచి బయటికి చూస్తుంటాడట. అంతవరకూ ఆ వీధిని ఎన్నడూ చూడనట్టు, అక్కడేదో వింత జరుగుతున్నట్టు. పాత టికెట్టు మళ్ళీ చూపించేవాళ్ళయితే ఇంకో రకం. తారీఖు మీద బొటనవేలు అడ్డం పెట్టి చేతికిస్తారు. ఆవిడ ఆ వేలు తీయించి, తారీఖు చూసి, ఎక్కువ మాట్లాడదు. "ఇది పాతది. దిగు." అంతే. ముసలీ ముతకా, చదువుకున్నవాళ్ళు, చదువుకోనివాళ్ళు, అందరికీ అదే మాట.

ఇంకో పట్టుదల ఉంది ఆవిడకి. డ్యూటీలో ఎవరి చేతిదీ ఏదీ ముట్టదు. ఎర్రటి ఎండలో కండక్టరు మంచినీళ్ళ సీసా చాపితే, "నీది నీ దగ్గరే ఉంచుకో" అంటుంది. డిపోలో టీ ఇస్తే వద్దంటుంది. ఇవ్వాళ వాడి టీ తాగితే రేపు వాడి లెక్కలో తేడా ఎలా రాస్తానంటుంది. అలా అనీ అనీ, చివరికి ఆవిడకి ఏదైనా ఇవ్వాలని ఎవరికీ తోచకుండా పోయింది. డిపోలో మిఠాయి పంచితే ఆ పళ్ళెం ఆవిడ ముందు ఆగకుండానే పక్కకి వెళ్ళిపోతుంది. దానికి లోపల ఎంత కుతకుతలాడినా పైకి మాత్రం గుడ్లురిమి చూస్తుంది.

అలాంటి మనిషి నలభై దాటాక, భార్య పోయిన ఈ డ్రైవర్ని పెళ్ళి చేసుకుని ఈ మూడో అంతస్తు ఇంట్లోకి వచ్చింది. వచ్చిన మొదటి రోజే కంచంలో అన్నం పెట్టి పిల్ల ముందు పెడితే, పిల్ల ఆ కంచాన్ని రెండు వేళ్ళతో మెల్లగా అవతలకి జరిపింది. "నాకు ఆకలి లేదండి" అంది.

దాని వెనక ఎవరున్నారో కనిపెట్టడానికి చెకింగావిడకి ఎంతోసేపు పట్టలేదు. పిల్ల పెద్దమ్మ. చనిపోయిన తల్లికి సొంత అక్క. ఊరికి అటు చివర బట్టల కొట్టు నడుపుతుంది. ఆవిడ పిల్ల చెవిలో ఇల్లు కట్టుకుని పోరింది: "ఆ మనిషి చేతి ముద్ద ముట్టకే తల్లీ. ఏం కలిపి పెడుతుందో ఎవరికి తెలుసు?" చూడండి, ఎంత పెద్ద మనసో! నిన్న మొన్న తల్లిని పోగొట్టుకున్న పిల్లకి చెప్పాల్సిన మాటేనా అది? ఆ నోట్లో తన కొట్టులో ఉన్న బట్టలన్నీ కుక్కినా తప్పు లేదు.

పిల్ల ఆ మాట గట్టిగా పట్టుకుంది. మధ్యాహ్నం బడి క్యాంటీన్లో తింటుంది. రాత్రి నాన్న ఉంటే నాన్న వండింది తింటుంది. నాన్న డ్యూటీలో ఉంటే గుడ్డు పెంకుతో ఉడికించుకుంటుంది, అరటిపండు తొక్కతో తీసుకుంటుంది. లోపలికి ఎవరూ ఏమీ దూర్చలేని వస్తువైతేనే దాని నోట్లోకి పోతుంది. పొద్దున మాత్రం గ్లాసు కట్టుకుంటుంది.

కట్టుకుంటుందనే అనాలి. ఫోనులో ఎక్కడో చూసి నేర్చుకుంది. పొడుగాటి గాజు గ్లాసు తీసి, పొడిగుడ్డతో మసక పోయేదాకా తుడుస్తుంది. అడుగున బొప్పాయి ముక్కలు, అన్నీ ఒకే సైజువి. వాటి మీద గట్టి పెరుగు, గరిటెతో కుమ్మరించకుండా చెంచా వెనక వైపు మీదుగా మెల్లగా జార్చి, గ్లాసు అంచుల దాకా సర్దుతుంది. దాని మీద మూకుట్లో కరకరలాడేలా వేయించిన ఓట్స్. చుట్టూ గాజుకి అంటించినట్టు అరటిపండు చక్రాలు. మళ్ళీ పెరుగు. పైన గుప్పెడు దానిమ్మ గింజలు, సన్నగా తేనె చార. పెరుగు పల్చనైతే పొరలన్నీ కలిసిపోయి బురదవుతుంది కాబట్టి గట్టి పెరుగే కావాలి. అది కూడా సీలున్న కొట్టు డబ్బాలోదే కావాలి, నాన్నే తేవాలి.

"మేడ ఎన్ని అంతస్తులు లేచిందే ఇవ్వాళ?" అని నాన్న వేళాకోళం ఆడేవాడు. పిల్ల గ్లాసుని కిటికీ దగ్గరికి తీసుకెళ్ళి, వెలుతురుకి పెట్టి, చుట్టూ తిప్పి చూసేది. ఏ పొరలో ఏముందో అంతా బయటికి కనపడుతుంది. చూసుకుని, తృప్తి పడి, అప్పుడు చెంచా దించేది.

ఆ తిప్పి చూడటమే చెకింగావిడకి గుండెల్లో పొడిచినట్టుండేది. అది గాజు గ్లాసులోనే ఎందుకు తింటుందో ఆవిడకి తెలీదా? జీవితమంతా మనుషుల చేతుల్లోంచి టికెట్టు లాక్కుని వెలుతురుకి పెట్టి చూసిన మనిషి. ఇప్పుడు తన వంటింట్లో తననే అలా పెట్టి చూస్తున్నారు.

"నేనేమన్నా విషం కలుపుతానా? చెప్పవయ్యా, కలుపుతానా?" అని మొగుడి మీద లేచేది.

"ఛ ఛ, చిన్నపిల్ల, దానికేం తెలుసు."

"చిన్నదేంటి చిన్నది! తాచుపాములా చూస్తుంది నన్ను. పోతే పోనీ, ఆ పెద్దమ్మ దగ్గరికే పొమ్మను. నాకేం, ఒక గ్లాసు కడిగే పని తగ్గుతుంది."

పైకి అలాగే అనేది. నిజంగా అలాగే అనుకుంటున్నాననుకుంది కూడా. ఎండాకాలంలో పిల్ల మంచాన పడే దాకా.

ఆ డబ్బా పెరుగు చెడిపోయిందే అయి ఉంటుంది. కొట్టువాడు ఫ్రిజ్ ఆపేసి కరెంటు మిగుల్చుకున్నాడో ఏమో, వాడి మొహం మండ. పిల్లకి తెల్లారేసరికి వాంతులు పట్టుకున్నాయి. నాన్న ఊళ్ళో లేడు. చెకింగావిడ డ్యూటీ మానేసి, డాక్టరు దగ్గరికి పదమంటే పిల్ల రానంది. చివరికి కింద అంతస్తు నర్సుని లాక్కొచ్చి చూపించింది. మందులు నర్సు తన చేత్తో ఇస్తేనే మింగింది. తర్వాత చెకింగావిడ పల్చగా జావ కాచి తీసుకెళ్తే, పిల్ల గది తలుపు లోపల్నుంచి గడియ పెట్టుకుంది.

"తాగవే. ఉప్పూ నీళ్ళూ తప్ప ఏం లేదందులో. తలుపు తియ్యి."

"నాకొద్దండి."

"ఛస్తావే దరిద్రపుదానా!"

"చస్తే మీకు మంచిదేగా."

ఆవిడ ఆ జావ గిన్నె ఒళ్ళో పెట్టుకుని గడప బయట నేల మీద కూలబడింది. తిట్టింది. పిల్లని తిట్టింది, పెద్దమ్మని తిట్టింది, చనిపోయినావిడని కూడా వదల్లేదు, ఇలాంటి పిల్లని కని నా నెత్తిన పడేసి పోయావని. లోపల్నుంచి బిస్కెట్ల కాగితం చప్పుడు వినిపించింది. ఆకలితో ఉన్న పిల్ల ఎండు బిస్కెట్లు కొరుక్కుంటోంది. ఇవతల వేడి జావ చల్లారిపోతోంది. అప్పుడు తెలిసింది ఆవిడకి, ఈ పిల్ల పోవడం తనకి అక్కర్లేదని. ఈ పిల్ల ఎక్కడికీ పోకుండా ఇక్కడే ఉండి, ఒక్కసారి, ఒక్కటంటే ఒక్కసారి, తన చేతిది తినాలి. ఇంకేమీ అక్కర్లేదు. ఇంత చిన్న కోరిక కోసం ఇంత ఏడుపొస్తుందని ఆవిడ ఎప్పుడూ అనుకోలేదు. జావ తీసుకెళ్ళి సింకులో ఒంపేసింది.

మొగుడు డ్యూటీ దిగి రాగానే మెట్ల మీదే పట్టుకుంది.

"ఇక ఆ కొట్టు పెరుగు ఈ గడప తొక్కడానికి వీల్లేదు. నేను తోడు పెడతా. ఖాళీ డబ్బాలో పెడతా. నువ్వు తెచ్చానని చెప్పు."

"అబద్ధమా? సీలుండదుగా, అడుగుతుంది."

"మొన్నటిది చెడిపోయిందిగా, అందుకని కొట్లోనే సీలు తీయించి వాసన చూసి తెస్తున్నానని చెప్పు. నీకు ఆ మాత్రం నోరు లేదా?"

అలా మొదలైంది ఆ దొంగతనం. ఊళ్ళో దొంగ టికెట్లన్నీ పట్టే మనిషి, సొంత వంటింట్లో దొంగతనంగా పెరుగు తోడు పెట్టడం! చిక్కటి పాలు సగానికి మరిగించేది. వేలు పెట్టి వేడి చూసి, తోడు కలిపి, డ్యూటీకి పోయే ముందు డబ్బాని పిండి టిన్ను వెనక దాచేది. మధ్యాహ్నం డ్యూటీ దిగి, పిల్ల బడి నుంచి వచ్చేలోపు పరుగున వచ్చి, పైన తేరిన నీళ్ళు వంచేసి, ఫ్రిజ్‌లో పిల్ల అరలో పెట్టేది. ఏ బస్సులోనైనా టికెట్టు లేనివాడు దొరికి వాడితో వాదన పడి ఆలస్యమైతే, ఆ వేడికి పెరుగు పులిసేది. ఆ రోజు ఆ ప్రయాణికుడికి రెట్టింపు తిట్లు పడేవి. తనని ఎందుకంత తిడుతున్నారో వాడికి పాపం తెలిసేది కాదు.

ఇలా వానాకాలం వెళ్ళిపోయి చలి మొదలైంది. గొడవలు ఏమీ తగ్గలేదు. కత్తి గురించి, బాత్రూములో బకెట్ గురించి, ఫ్యాను గురించి, అన్నిటి గురించీ పచ్చగడ్డి వేస్తే భగ్గుమనేది. కానీ పొద్దున పిల్ల గ్లాసు తిప్పి చూసుకుని చెంచా దించేటప్పుడు, చెకింగావిడ పొయ్యి వైపు తిరిగి కూర కలుపుతూ, వెనక చెంచా గాజుకి తగిలే చప్పుడు వింటూ నిలబడేది. తింటోంది. తెలీకుండా తింటోంది, అయినా తింటోంది. ఆ సంతోషాన్ని చెప్పుకోవడానికి ఒక్క మనిషి లేడు ఆవిడకి. మొగుడికి చెప్తే, "సరేలే, ఇక దానికి చెప్పేద్దామా" అంటాడు. చెప్తే మానేస్తుంది. అందుకని నోరు మూసుకునేది. ఆవిడ నోరు మూసుకోవడమంటే మాటలు కాదు.

అప్పుడొచ్చింది పెద్దమ్మ కబురు. ఆదివారం వస్తున్నాననీ, పిల్ల ఒప్పుకుంటే తనతో తీసుకుపోతాననీ, బడి కూడా అక్కడే మాట్లాడి ఉంచాననీ. నాన్న నేల చూపులు చూస్తూ, "పిల్ల ఏమంటే అది" అన్నాడు. శనివారం సాయంత్రానికి దాని గదిలో మంచం మీద ఖాళీ సంచి తెరిచి ఉంది. చెకింగావిడ అటు నుంచి నాలుగుసార్లు తిరిగింది. సంచి ఖాళీగానే ఉంది. ఉంటే మాత్రం, సర్దుకోవడానికి ఎంతసేపు?

ఆదివారం పొద్దున్నే పెద్దమ్మ సెంటు వాసనతో సహా దిగింది.

"ఏం తల్లీ, ఎంత చిక్కిపోయావే! మొహంలో రక్తం బొట్టు లేదు." పిల్లని పట్టుకుని ఇటు తిప్పి అటు తిప్పి, చెకింగావిడ వైపు ఓరగా చూసింది. "ఏమ్మా, బాగున్నావా? డ్యూటీ లేదా ఇవ్వాళ?"

"ఉంది. మీరొస్తున్నారని సెలవు పెట్టా. ఇల్లు కనిపెట్టుకుని ఉండాలిగా," అంది చెకింగావిడ.

నాన్న దగ్గాడు. "కూర్చోండి వదినా, టిఫిను..."

"నాకు మీ ఇంట్లో ఏమీ వద్దు మరిదీ. పిల్ల ఏదో గ్లాసులు చేస్తుందటగా, అది తింటా. పిల్ల చేతిదైతే భయం లేదు."

పిల్ల వంటింట్లోకి వెళ్ళి మూడు గ్లాసులు తీసింది. పెద్దమ్మకి, నాన్నకి, తనకి. మూడే. చెకింగావిడ లెక్క చూసుకుని, గోడకి ఆనుకుని చేతులు కట్టుకుని నిలబడింది. ముగ్గురూ బల్ల చుట్టూ కూర్చున్నారు. పిల్ల బొప్పాయి వేసింది, పెరుగు జార్చింది, ఓట్స్ చల్లింది. పెద్దమ్మ తన గ్లాసులో మొదటి చెంచా నోట్లో పెట్టుకుని కళ్ళు మూసింది.

"అబ్బ, ఏం పెరుగే ఇది! వెన్నలా ఉంది. ఏ కొట్టు? చూశావా మరిదీ, సొంత ఇంట్లో పిల్ల కొట్టు పెరుగు తిని బతకాల్సి వచ్చింది. అదే నయం, కనీసం శుభ్రంగా ఉంటుంది, ఎవరి చెయ్యీ పడదు."

చెకింగావిడ నాలుక చివరి దాకా వచ్చిన మాటని పళ్ళతో పట్టి ఆపింది.

రోజూ ఒక్క గ్లాసుకి వాడే పెరుగు. ఇవ్వాళ మూడింటికి పంచేసరికి, చివరి గ్లాసులో పై పొరకి వచ్చేటప్పటికి డబ్బాలో అడుగంటింది. పెరుగేమో గట్టిది, జారడం లేదు. పిల్ల డబ్బాని గ్లాసు మీద బోర్లించి, అడుగున అరచేత్తో ఒక్కటి చరిచింది. ఇంకోటి చరిచింది. మూడోసారి చెయ్యి లేచింది గానీ దిగలేదు.

డబ్బా అడుగు సరిగ్గా దాని కళ్ళ ముందుంది. దాని మీద నల్లటి అక్షరాలతో తారీఖు గుద్ది ఉంది.

"నాన్నా," అంది పిల్ల. "ఈ డబ్బా ఎప్పుడు తెచ్చావ్?"

"మొన్న."

"మొన్నా?"

"ఆ... మొన్ననే. సీలు తీసి వాసన చూసి..." అంటూ అతను మెల్లగా తల తిప్పి కిటికీలోంచి బయటికి చూడటం మొదలుపెట్టాడు. అక్కడేదో వింత జరుగుతున్నట్టు.

చెకింగావిడకి పై ప్రాణాలు పైనే పోయాయి. ఇక అయిపోయింది. ఏళ్ళ తరబడి ప్రతి కాగితం మీదా తారీఖు తప్ప ఇంకోటి చూడని మనిషి, రోజూ కడిగి తుడిచే డబ్బాని ఒక్కసారి తిప్పి చూడలేదే!

పిల్ల లేచి డబ్బాని ఆవిడ మొహం ముందు పెట్టింది. పెరుగు చుక్క ఒకటి నేల మీద పడింది.

"ఇది పాతది," అంది. అచ్చం ఆవిడ గొంతే. ఆ విరుపు కూడా అదే. "ఎండాకాలం నాటిది. కొట్టు పెరుగు ఇన్నాళ్ళు ఉండదు. ఎవరిది ఇది?"

"నాది," అంది చెకింగావిడ. "నేనే తోడు పెట్టా. నువ్వు వాంతులు చేసుకున్న దగ్గర్నుంచీ. పాలు, తోడు, అంతే. ఇంకేం లేదు అందులో."

పెద్దమ్మ చెంచా కింద పడేసి లేచింది. నోరు పమిటతో తుడుచుకుంది. "విన్నావా తల్లీ, విన్నావా! నెలల తరబడి దొంగచాటుగా! ఏం కలిపి తినిపించిందో, ఏం మందు పెట్టిందో! ఉమ్మెయ్యి, ముందు నోరు కడుక్కో. ఇంకొక్క నిమిషం ఇక్కడ ఉండొద్దు, సంచి తెచ్చుకో, పోదాం."

"మందు పెడితే నీకు పెట్టేదాన్ని," అని అరిచింది చెకింగావిడ. "ఇప్పుడే లొట్టలేసుకుంటూ తిన్నావుగా వెన్నలా ఉందని! కొట్టుదని చెప్తే వెన్న, నాదని చెప్తే విషమా?"

"అరవకండి," అంది పిల్ల.

చెకింగావిడ ఆగింది. ఇక పిల్ల నోటి వెంట వచ్చే మాట ఏమిటో ఆవిడకి తెలుసు. పాతది అన్నాక ఒకే మాట ఉంటుంది. ఆ మాట ఎన్ని వేల మందికి చెప్పిందో. చెప్పించుకునేవాళ్ళకి ఇలా ఉంటుందని మాత్రం ఇన్నాళ్ళూ తెలీలేదు.

పిల్ల కుర్చీ ఒకటి బల్ల దగ్గరికి లాగింది. తన గ్లాసు, పై పొర సగమే పడిన గ్లాసు, ఆ కుర్చీ ముందు పెట్టింది. చెంచా పక్కన పెట్టింది.

"కూర్చోండి."

"ఏంటి?"

"కూర్చుని తినండి. నేను చూస్తా."

"అదీ! అలా అడుగు," అంది పెద్దమ్మ. "తినమను ముందు. తిని చూపించమను."

చెకింగావిడ కూర్చుంది. ఎదురుగా పిల్ల నిలబడి రెప్ప వేయకుండా చూస్తోంది. బస్సులో ఎవరి చేతి మంచినీళ్ళు కూడా ముట్టని మనిషి, అలవాటు కొద్దీ గ్లాసుని అవతలకి నెట్టబోయి, ఆ రెండు వేళ్ళు గాజు మీద ఉండగానే ఆగిపోయింది. పిల్ల మొదటి రోజు కంచాన్ని జరిపిన వేళ్ళు గుర్తొచ్చాయి. చెంచా తీసుకుని నిలువునా అడుగుదాకా దించింది. పెరుగు, అరటిపండు, మెత్తబడ్డ ఓట్స్, బొప్పాయి, అన్నీ ఒక్క చెంచాలో పైకొచ్చాయి. నోట్లో పెట్టుకుంది.

తియ్యగా ఉంది, పుల్లగా ఉంది, చల్లగా ఉంది. బొప్పాయి ముక్కలు ఎంత చక్కగా, ఒకే సైజులో కోసిందో. ఒకరు కూర్చుని, ముక్కలు కోసి, పేర్చి, తన ముందు పెట్టి తినమనడం. ఎప్పుడో తల్లి ఉన్నప్పటి మాట అది. పిల్ల పెట్టింది పరీక్షేనని తెలుసు. కోపంతో పెట్టిందనీ తెలుసు. అయినా రెండో చెంచాకి ఆవిడ కళ్ళలో నీళ్ళు తిరిగాయి. పులుపుకి తిరిగాయని రాసుకోండి, లేకపోతే ఆవిడ బతకనివ్వదు.

"ఇంకా," అంది పిల్ల.

ఇంకో చెంచా తింది. గదిలో చెంచా గాజుకి తగిలే చప్పుడు తప్ప ఏమీ లేదు. నాన్న ఇంకా కిటికీ బయటికే చూస్తున్నాడు. సగం గ్లాసు అయ్యేసరికి పిల్ల ఆవిడ చేతిలోంచి చెంచా లాక్కుంది. గ్లాసు లాక్కుంది. ఎదుటి కుర్చీలో కూర్చుని, అదే చెంచాతో, తుడవనైనా తుడవకుండా, తినడం మొదలుపెట్టింది.

"ఒసే ఒసే!" అని పెద్దమ్మ కేక పెట్టింది. "ఎంగిలే అది! ఆవిడ ఎంగిలి! చెంచా మార్చు!"

పిల్ల మార్చలేదు. తల వంచుకుని, కోపం కోపంగా, అడుగు బొప్పాయి ముక్క దాకా గీకి గీకి తింది. గ్లాసు వెలుతురుకి పెట్టి చూడలేదు. ఖాళీ గ్లాసుని ఠప్పున బల్ల మీద పెట్టి, మూతి ముంజేత్తో తుడుచుకుని, చెకింగావిడ వైపు కొరకొరా చూసింది.

"రోజూ పుల్లగా ఏడుస్తోంది," అంది. "రేపు డ్యూటీ దిగగానే వచ్చి ఫ్రిజ్‌లో పెట్టు. ఆ పాత డబ్బాలో వద్దు, గిన్నెలో పెట్టు."